ఆపేసిన కాపలా

సోమవారం పొద్దున తొమ్మిదింటికి ఆదాము ఆడుతున్న కారు ఆట ఉన్నట్టుండి ఆగిపోయింది. తెర మీద కారు వంతెన ఎక్కుతూ ఎక్కుతూ అక్కడే నిలబడిపోయింది. అన్నయ్య అంద్రెయ వచ్చి కంప్యూటర్ ఆపి మళ్ళీ వేశాడు. లోపల ఫ్యాను తిరిగిన చప్పుడు వచ్చింది గానీ తెర వెలగలేదు. వైర్లన్నీ పీకి, తుడిచి, మళ్ళీ పెట్టాడు. నల్లటి తెర నల్లగానే ఉంది.

"ఏంటన్నయ్యా, కరెంటు తక్కువగా ఉందా?" అన్నాడు ఆదాము, మంచం మీద దిండుకి చేరగిలబడి.

"అదే అయ్యుంటుందిరా. కాసేపాగి చూద్దాం."

మధ్యాహ్నం దాకా ఆగి చూశారు. కరెంటు బాగానే ఉంది. తల్లి కృపమ్మ అన్నం కంచం తెస్తే ఆదాము మొహం గోడవైపు తిప్పుకున్నాడు. నాలుగు నెలలపాటు ఆ ఇంట్లో అందరూ చూసింది ఆ వీపునే.

ఆదాము లారీ డ్రైవరు. నిజాంపట్నం నుంచి మద్రాసుకి రొయ్యలు తోలేవాడు. తొంభై ఎనిమిది ఆగస్టులో ఒంగోలు దాటాక మలుపులో లారీ బోల్తాపడింది. బ్రేకు తొక్కితే పట్టలేదు, స్టీరింగు తిప్పితే తిరగలేదు. గుంటూరు ఆసుపత్రి నుంచి ప్రాణంతో వచ్చాడు గానీ నడుం కింద చచ్చుబడిపోయింది. అప్పటికి వాడికి ఇరవై ఏడేళ్ళు. రేపల్లె స్టేషను దగ్గరున్న ఆ మూడు గదుల ఇంట్లో, ముందు గదిలో, అంద్రెయ టైపు పనులు చేసుకునే బల్ల పక్కనే మంచం వేశారు. పలకరిస్తే పలికేవాడు కాదు. చర్చి సంఘం అయ్యగారు వచ్చి ప్రార్థన చేసినా కళ్ళు తెరిచేవాడు కాదు. ఒక్కోసారి మూడేసి రోజులు మంచినీళ్ళు తప్ప ఏమీ ముట్టేవాడు కాదు. మిషన్ బడిలో ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పిన తండ్రి అబ్రహాము మాస్టారు వరండాలో కూర్చుని బైబిలు తెరిచి పెట్టుకుని ఒక్క పేజీ కూడా తిప్పకుండా పొద్దు గడిపేవాడు.

జనవరిలో అంద్రెయ పాత కంప్యూటర్ ఒకటి కొన్నాడు. దాంతో పాటు వచ్చిన కారు ఆటని ఊరికే పెట్టి చూస్తుంటే, "ఎడమకి కొయ్యి! ఎడమకి!" అని వెనక నుంచి కేక వినపడింది. వంటింట్లోంచి కృపమ్మ చేతిలో గరిటెతో పరిగెత్తుకొచ్చింది. నాలుగు నెలల్లో వాడి గొంతు వినడం అదే మొదలు. ఆ రోజే కీబోర్డుని, ఆ మీటల పలకని, వాడి ఒళ్ళో పెట్టారు. ఆ సాయంత్రం వాడు చేపల పులుసుతో రెండుసార్లు అన్నం పెట్టించుకున్నాడు.

అయితే ఆ కంప్యూటర్లో యాంటీవైరస్ ఒకటి ఉంది. అది ఆట తెరిచే ప్రతి ఫైలునీ పట్టుకుని వెతికేది. పదకొండయ్యేసరికి మొత్తం డిస్కుని తిరగేసేది. అప్పుడు కారు మలుపు మధ్యలో బిగుసుకుపోయేది. మీట నొక్కితే పలికేది కాదు. ఎవరికైనా అది చిరాకు మాత్రమే. ఆదాముకి మాత్రం అది ఒంగోలు దాటాక వచ్చిన ఆ మలుపు. ఒళ్ళంతా చెమటలు పట్టి, చేతులు వణికిపోయి, పలక కింద పడేసి చిన్నపిల్లాడిలా ఏడ్చేవాడు.

అంద్రెయ తెనాలి వెళ్ళి, కంప్యూటర్ అమ్మిన సుబ్బారావుని అడిగాడు. సుబ్బారావు ఓపిగ్గా కాగితం మీద రాసిచ్చాడు. "మొత్తం వెతకడాన్ని పొద్దున ఆరింటికి మార్చండి, అప్పుడు ఎవరూ ఆడరు గదా. ఆట ఉన్న ఫోల్డర్ని మాత్రం వెతకొద్దని చెప్పండి. బయట నుంచి వచ్చే ఫ్లాపీలనీ సీడీలనీ చూసేది ఉందే, దాన్ని మాత్రం చచ్చినా ఆపకండి. నెలనెలా నా దగ్గరికొచ్చి కొత్త వైరస్‌ల జాబితా ఫ్లాపీలో పట్టుకెళ్ళండి."

కొన్నాళ్ళు అంతా బాగానే నడిచింది. మార్చిలో చీరాల నుంచి తెలిసినాయన ఒకడు కొత్త ఆట సీడీ పంపాడు. అందులో రోడ్లు ఎక్కువ, కొండలు ఎక్కువ. బరువు కూడా ఎక్కువ. మళ్ళీ కారు బిగుసుకుపోవడం మొదలైంది. ఒక రోజు ఆదాము ఏడుస్తూ, "నా వల్ల కాదన్నయ్యా, నన్నొదిలెయ్" అన్నాడు. ఆ మాటకి అంద్రెయ ఇంకేమీ ఆలోచించలేదు. యాంటీవైరస్‌ని పూర్తిగా ఆపేశాడు. ఆ సంగతి ఎవరికీ చెప్పలేదు. తెనాలి వెళ్ళి జాబితా తెచ్చుకోవడం కూడా మానేశాడు. కారు మాత్రం నీళ్ళలో చేపలా పరిగెత్తింది. ఏప్రిల్లో చీరాల నుంచి ఇంకో సీడీ వస్తే అది కూడా వెతకకుండానే ఎక్కించాడు.

ఇప్పుడు ఆ నల్లటి తెర ముందు కూర్చుంటే ఆ రోజు తన వేలు నొక్కిన మీట తప్ప అతనికి మరేమీ గుర్తుకు రావడం లేదు.

మంగళవారం పొద్దున కంప్యూటర్ పెట్టెనీ ఆట సీడీలనీ దుప్పట్లో మూటగట్టుకుని తెనాలి పాసింజరెక్కాడు. భట్టిప్రోలులో ఎక్కిన ఒకావిడ, "టీవీనా బాబూ?" అంది. "కాదమ్మా" అన్నాడు గానీ ఏంటో చెప్పలేకపోయాడు. వేమూరు దాటేదాకా మూట మీద చెయ్యి తియ్యలేదు.

సుబ్బారావు మూత విప్పి చూసి తల అడ్డంగా ఊపాడు. "నిన్నటి నుంచి ఇది నాలుగోదండి. నిన్న, ఏప్రిల్ ఇరవయ్యారున, పేలేలా వైరస్ రాశాడంట ఎవడో దుర్మార్గుడు. అంతదాకా కిక్కురుమనకుండా లోపల కూర్చుని ఉంటుంది." చిన్న స్క్రూడ్రైవర్‌తో ఒక నల్లటి చిప్పు చూపించాడు. "కంప్యూటర్ నిద్రలేవాలంటే మొదటి మాట చెప్పాల్సింది ఇదే. ఆ మాటనే తుడిచేసింది. డిస్కు కూడా చెడగొట్టి ఉంటుంది."

"కొత్తది వెయ్యలేమా అండి?"

"ఈ రకం బోర్డు రావడం మానేసిందండి. విజయవాడలో కూడా లేదు." కాస్త ఆగి, మళ్ళీ అన్నాడు. "ఒకటే దారుంది. ఇదే బోర్డు ఉన్న ఇంకో కంప్యూటర్ కావాలి. అది నడుస్తుండగానే దాని చిప్పు పీకేసి, మీ చచ్చిన చిప్పు పెట్టి, ఆ మాటని మళ్ళీ రాయాలి. మధ్యలో కరెంటు పోయిందా, చిప్పు కాలు విరిగిందా, అది కూడా పోతుంది. నేను అమ్మినవాటిల్లో ఆ బోర్డు ఇంకొక్కరి దగ్గరే ఉంది. బాపట్లలో కాశీవిశ్వనాథం గారని, లెక్చరరు. ఆయన ఒప్పుకుంటారని మాత్రం నేను చెప్పలేను."

ఇంటికొచ్చేసరికి కృపమ్మ వాకిట్లోనే నిలబడి ఉంది. "నిన్నటి నుంచి ఒక్క మెతుకు ముట్టలేదురా. నాన్నగారు బతిమాలితే కళ్ళు మూసుకున్నాడు." అంద్రెయ లోపలికెళ్ళి తమ్ముడి వీపు మీద చెయ్యి వేశాడు. వీపు కదల్లేదు. "బాగయిపోద్దిరా" అన్నాడు. తన గొంతు తనకే అబద్ధంలా వినపడింది.

బుధవారం పెట్టె మూట పట్టుకుని చెరుకుపల్లి మీదుగా బాపట్ల బస్సెక్కాడు. ఆ మొదటి మాటని సుబ్బారావు ఎక్కించి ఇచ్చిన ఫ్లాపీ జేబులో ఉంది.

కాశీవిశ్వనాథం యాభై దాటిన మనిషి. కళ్ళద్దాలు నుదుటి మీదికి నెట్టుకుని అంతా విన్నాడు. "నా కంప్యూటర్లో పదకొండేళ్ళ వరి వంగడాల లెక్కలున్నాయండి. అది ఆగిపోతే నేను ఆగిపోయినట్టే. మీ దాంట్లో ఏమున్నాయి, అంత ముఖ్యమైనవి?"

సంఘం పుస్తకాలనో, బడి పిల్లల పరీక్ష కాగితాలనో చెప్పొచ్చు. నాలిక చివరిదాకా వచ్చింది కూడా. అంద్రెయ నేల చూపులు చూస్తూ, "ఒక ఆటండి" అన్నాడు.

"ఆటా?"

"కార్ల ఆటండి. మా తమ్ముడు ఆడేది."

కాశీవిశ్వనాథం లేచి నిలబడ్డాడు. "ఆట కోసం నా కంప్యూటర్ చిప్పు పీకమంటారా? మీకు బుద్ధుందా?"

అంద్రెయకి ఆ మాట తగల్లేదు. చెప్పడం మొదలుపెట్టాడు. లారీ గురించి, గోడవైపు తిరిగిన మొహం గురించి, గరిటెతో పరిగెత్తుకొచ్చిన అమ్మ గురించి చెప్పాడు. చివరికి తనే యాంటీవైరస్ కాపలాని ఆపేశానని, ఇంట్లో ఎవరికీ చెప్పలేదని కూడా చెప్పేశాడు. "సోమవారం నుంచి వాడు తినడం లేదండి. ఇంకెవరిని అడగాలో నాకు తెలీదండి."

గుమ్మంలో మజ్జిగ గ్లాసుతో నిలబడ్డ ఆయన భార్య ధనమ్మ భర్తకేసి ఒక్క చూపు చూసింది. ఆయన సొరుగులోంచి ఖాళీ ఫ్లాపీల డబ్బా తీశాడు. "ముందు నా లెక్కలన్నీ వీటిలోకి ఎక్కించుకోవాలి. రెండు గంటలు పడుతుంది. మజ్జిగ తాగండి."

మధ్యాహ్నం ఒంటిగంటకి మూత విప్పారు. కంప్యూటర్ నడుస్తోంది. కాశీవిశ్వనాథం వంకర మొనల పట్టకారుతో తన చిప్పుని ఒకవైపు కొంచెం, ఇంకోవైపు కొంచెం లేపుతూ బయటికి తీశాడు. తెర ఆరిపోలేదు. అంద్రెయ తన చచ్చిన చిప్పుని ఆ గుంటలో పెట్టి నొక్కాడు. ఫ్లాపీ గరగరమంది. తెర మీద అంకెలు ఒక్కొక్కటే పెరుగుతూ వచ్చాయి. ఫ్యాను నెమ్మదించినప్పుడల్లా కరెంటు పోతుందేమోనని ఇద్దరూ దీపం వైపు చూశారు. చివర్లో రాత తప్పిందని వచ్చింది. కాశీవిశ్వనాథం చిప్పుని ఇంకాస్త నొక్కి మళ్ళీ మొదలుపెట్టాడు. ఈసారి సరిగ్గా వచ్చింది.

అంద్రెయ తన పెట్టెలో చిప్పు బిగించి, ఆయన తెరకే తగిలించి స్విచ్ వేశాడు. తెర మీద తెల్లటి అక్షరాలు వచ్చాయి. సంతోషించడానికి ధైర్యం చాలలేదు. ఎందుకంటే కాశీవిశ్వనాథం తన చిప్పు తను పెట్టుకుని స్విచ్ వేస్తే ఆయన తెర వెలగలేదు.

అంద్రెయ నేల మీద కూర్చుండిపోయాడు. ఒక ఇంటి దీపం వెలిగించబోయి ఇంకో ఇంటి దీపం ఆర్పేశాననుకున్నాడు. కాశీవిశ్వనాథం చిప్పు బయటికి తీసి వెలుగులో పెట్టి చూశాడు. ఒక కాలు లోపలికి మడతపడి ఉంది. ఆయన సరిచెయ్యబోతుంటే ధనమ్మ బ్లేడు తెచ్చి, "ఇటివ్వండి" అని తీసుకుంది. సూదిలో దారం ఎక్కించేంత నెమ్మదిగా ఆ కాలుని నిటారు చేసింది. ఈసారి తెర వెలిగింది. కాశీవిశ్వనాథం కళ్ళద్దాలు తీసి మొహం తుడుచుకుని, "ఇంక వెళ్ళండి బాబూ" అన్నాడు. అంద్రెయ దణ్ణం పెడితే ఆయన చూడనట్టు తల తిప్పుకున్నాడు.

ఆ సాయంత్రమే రేపల్లెలో బల్ల మీద పెట్టె బిగించాడు. డిస్కు ఖాళీ. సుబ్బారావు ఇచ్చిన సీడీలతో యాంటీవైరస్‌తో సహా అన్నీ మళ్ళీ ఎక్కించాడు. ఆదాము గెలుచుకున్న రోడ్లన్నీ పోయాయి. ఏప్రిల్లో వచ్చిన చీరాల సీడీలోనే ఆ వైరస్ ఉందని సుబ్బారావు వెతికి చెప్పాడు కాబట్టి చీరాల సీడీలు రెండూ విరిచి పారేశాడు. మిగిలింది మొదటి పాత ఆట ఒక్కటే. మంచం పక్కన పీట వేసుకుని, ఆ వీపుతోనే జరిగిందంతా చెప్పాడు.

అంతా విన్నాక ఆదాము ఇటు తిరిగాడు. కళ్ళు లోతుకి పోయి ఉన్నాయి.

"ఆపానని నాకెందుకు చెప్పలేదు?"

"నువ్వేడుస్తుంటే చూళ్ళేకపోయాన్రా."

"నా కాళ్ళు పోయాయి గానీ బుర్ర పోలేదన్నయ్యా." గొంతులో కోపం ఉంది. అంద్రెయ ఆ కోపాన్ని ఆవురావురుమని విన్నాడు. "ఏది ఆపుతున్నావో, ఆపితే ఏమవుద్దో నాతో చెప్పాలి. ఆడేది నేను. ఆ కాగితం ఇటివ్వు."

సుబ్బారావు రాసిచ్చిన కాగితం చూసుకుంటూ, యాంటీవైరస్‌ని వాడే తెరిచాడు. వెతికే వేళ ఆరింటికి పెట్టాడు. ఆట ఫోల్డర్ని వదిలెయ్యమన్నాడు. సీడీల కాపలా దగ్గర మాత్రం ఆగి, రెండుసార్లు చదివి, అలాగే ఉంచాడు. తర్వాత ఆట మొదలుపెట్టాడు.

మూడో మలుపులో కారు బిగుసుకుపోయింది. ఉంచిన కాపలా ఆట సీడీని వెతుకుతోంది.

ఆదాము నుదుటి మీద చెమట పట్టింది. వేళ్ళు వణికాయి. కానీ పలక విసిరెయ్యలేదు. వేళ్ళు మీటల మీద నుంచి తీసి, రెండు చేతులూ గట్టిగా పట్టుకుని, తెర వంక చూస్తూ కూర్చున్నాడు. అలా ఎంతసేపు గడిచిందో తెలీదు. కారు ఒక్కసారి కుదుపుతో కదిలింది. వాడు మళ్ళీ మీట మీద వేలు పెట్టాడు.

గుమ్మం పక్కన అబ్రహాము మాస్టారు కండువాతో కళ్ళు ఒత్తుకున్నాడు. కృపమ్మ గంజి గ్లాసు తెచ్చి మంచం పట్టె మీద పెట్టింది. తాగమని ఎవరూ అనలేదు. ఆ రోడ్డు అయిపోయాక ఆదాము చెయ్యి చాపి గ్లాసు అందుకుని సగం తాగాడు.

"ఉప్పు తక్కువైందమ్మా" అన్నాడు.