బల్లకోడు కింద టికెట్

టీవీలో హంతకుడి సీరియల్ వస్తోందంటే రిటైరైన నిఘా అధికారి నోరు ఊరుకోదు. ఆ ఆదివారం మధ్యాహ్నమూ అంతే.

"తుపాకీ అలా పట్టుకుంటే కాకి కూడా బెదరదు."

"పదకొండేళ్లు వెంటపడి మీరెలాగూ పట్టుకోలేదు. సీరియల్లో ఆఫీసరమ్మైనా పట్టుకుంటుందేమో, చూడనివ్వండి," అంది భార్య, బఠాణీలు ఒలుస్తూ.

ఆ మాట చురుక్కుమంది. ఒక కిరాయి హంతకుడి కోసం పదకొండేళ్లు తిరిగి, వాడి మొహమైనా చూడకుండానే రిటైరయ్యాడాయన. చూసినవల్లా వాడు ఖాళీ చేసిన అద్దెగదులే. ప్రతి గదిలో కిటికీ పక్కన బల్ల, అది ఊగకుండా ఒక కోడు కింద నాలుగు మడతలు పెట్టిన బస్సు టికెట్. ఆ టికెట్ సంగతి ఏ ఫైల్లోనూ రాయలేదు, భార్యకూ చెప్పలేదు. చంపింది నేనేనంటూ ఉత్తుత్తినే వచ్చేవాళ్లను వడకట్టడానికి ఆ ఒక్కటీ కడుపులో దాచుకున్నాడు.

తెరమీద హంతకుడు కిటికీ పక్కకు బల్ల లాగాడు. బల్ల ఊగింది. జేబులోంచి బస్సు టికెట్ తీసి, తాపీగా నాలుగు మడతలు పెట్టి, కోడు కింద దోపాడు.

గ్లాసు పట్టుకున్న ఆయన చెయ్యి గాల్లోనే ఆగింది.

"ఇది వీళ్లకెవరు చెప్పారు?"

"ఏది?"

ఎపిసోడ్ అయ్యేదాకా ఆయన మళ్లీ నోరు మెదపలేదు. పనిచేసినవాళ్ల పేర్లు తెరమీద పైకి పాకడం మొదలైంది. ఆ పేర్లలో ఒకటి తను వెతికిన ఆ కిరాయి హంతకుడిదే అయ్యుండాలి. ఆయన కళ్లజోడు కోసం సోఫా అంతా తడిమాడు.

"హమ్మయ్య, ఇవాళైనా ప్రశాంతంగా చూడనిచ్చారు," అంటూ ఆవిడ టీవీ కట్టేసింది.