అది మీ తాతయ్య గొంతు కాదు

ఇలా దగ్గరికొచ్చి కూర్చో. ముందు ఆ టీవీ కట్టెయ్. ఇందాక పాత సీరియల్ చూసి, "తాతయ్య గొంతు ఎంత గంభీరంగా ఉందో!" అన్నావే, ఆ మాటకు నా ఒళ్లు మండిపోయింది. నీ మీద కాదులే తల్లీ. అది మీ తాతయ్య గొంతు కాదు.

ముప్పై రెండేళ్లు నటించారాయన. డాక్టరు, జడ్జి, హీరోయిన్‌కి తండ్రి, ఎన్ని వేషాలో! ఒక్కదాంట్లోనూ సొంత గొంతు లేదు. మొదటి సీరియల్ డబ్బింగ్ రోజున జ్వరంతో పడుకున్నారు. ఆ పూటకని ఇంకొకాయనతో చెప్పించారు. ఆయనకు నేను పెట్టిన పేరు ఉరుము. ఆ గొంతు జనానికి నచ్చింది. ఇక ఎక్కడికెళ్లినా ముఖం ఈయనది, గొంతు ఉరుముది.

ఇంట్లో మాత్రం సీరియల్ వేళకు సౌండు పూర్తిగా తగ్గించి, టీవీ పక్కన స్టూలేసుకుని, తన మాటలు తానే నాకు వినిపించేవారు.

చివరి సీరియల్లో తండ్రి చనిపోయే సీనుకు డైరెక్టరు, "ఈ ఒక్కటీ మీరే చెప్పండి సార్" అన్నాడు. మూడు రోజులు ఉప్పునీళ్లు పుక్కిలించారు. నాతో పోట్లాట కూడా సైగలతోనే! వెళ్లి చెప్పొచ్చారు: "తలుపు వెయ్యకమ్మా. పెద్దాడింకా రాలేదు." మంచినీళ్లు అడిగినంత మెల్లగా చెప్పానని మురిసిపోయారు.

ప్రసారమయ్యే రోజున ఇరుగుపొరుగంతా మా ముందు గదిలోనే. ఆ రోజు సౌండు ఆయనే పెంచారు. తీరా చూస్తే ఉరుమే ఉరిమింది. కింది వాటా టైలరు, "అదరగొట్టేశారు సార్!" అన్నాడు. ఆయన టీ గ్లాసులోకి చూస్తూ కూర్చున్నారు.

సీరియల్లో తండ్రి చనిపోయినా, కూతురి జ్ఞాపకాల్లో ఆయన కనిపించే సీన్లు ఇంకా మిగిలున్నాయి. మర్నాడు షూటింగ్‌కి నేనూ వెళ్లి డైరెక్టర్ని నిలదీశాను.

"జనం ఆ గొంతుకే అలవాటు పడ్డారమ్మా."

"మీ ఆవిడ పక్కింటాయన గొంతుకి అలవాటు పడితే ఊరుకుంటావా నాయనా?"

మేకప్ అమ్మాయి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"పోనీ, ఆయన చెప్పింది నాకిచ్చెయ్."

"చెరిపేశామమ్మా."

అద్దం ముందు కూర్చున్న మీ తాతయ్య అంతా విన్నారు. కెమెరా తిరగ్గానే పెదాలు ఆడించారు. చప్పుడు లేదు.

"సార్, వినపడట్లేదు!"

"గొంతు మీ దగ్గరుందిగా. నా దగ్గర పెదాలే ఉన్నాయి."

మూడోసారి కూడా అంతే చేసి, ముఖం కడుక్కుని, "పదవే" అన్నారు. మళ్లీ ఆ గడప తొక్కలేదు.

నా కోపం తగ్గలేదు, తగ్గనివ్వను. ఆ గొంతు ఇప్పుడు నా చెవుల్లో తప్ప ఎక్కడా లేదు. రేపు నీ పిల్లలు ఆ సీను చూస్తుంటే సౌండు తీసేసి, స్టూలేసుకుని, నువ్వే చెప్పు. ఎవరు చెరిపారో కూడా చెప్పు. ఏదీ, ఆ తలుపు మాట ఒకసారి అను. అబ్బా, అంత గట్టిగా కాదే! మంచినీళ్లు అడిగినట్టు.