ఎడమచేతి ముడి

అక్క తమ్ముడితో మాట్లాడి ఇరవై రోజులైంది. వ్యాను అటవీ శాఖ చేతికి చిక్కీ ఇరవై రోజులే. చెక్‌పోస్టులో ఊక బస్తాల కింద నాలుగు దొంగ దుంగలు దొరికాయి, బండిని జప్తు చేశారు. బండి అక్కది, నడిపింది తమ్ముడు. "నాకేం తెలీదక్కా" అని వాడు నెత్తీ నోరూ కొట్టుకున్నాడు. నిప్పు లేనిదే పొగ రాదంటారే, ఆ మాట అక్క బుర్రలోంచి కదల్లేదు. తిట్టడం కూడా మానేసింది. తిట్లు నోటిమీదే ఉండే మనిషి ఆవిడ!

విచారణ రోజు అక్కాతమ్ముళ్లకి అధికారి ఉన్నమాట చెప్పాడు. "మీ ఇద్దరికీ తెలియకుండా జరిగిందని మీరే రుజువు చెయ్యాలమ్మా. లేదంటే బండి ప్రభుత్వానిది. వేలం వేస్తాం."

"తెలిసింది చూపించొచ్చు గానీ, తెలీనిది ఎలా చూపిస్తారండీ?" అంది అక్క.

గుమాస్తా నవ్వాపుకున్నాడు. అధికారి ఇంజిన్ నంబరు సరిచూద్దామంటూ లేచాడు.

ఆవరణలో వ్యాను దుమ్ముకొట్టుకుని ఉంది. అక్క అద్దం అరచేత్తో తుడిచి, చుట్టూ ఓసారి తిరిగి, బస్తాల మీద కప్పే పట్టా తాళ్లు కట్టే కొక్కేల దగ్గర ఆగిపోయింది. ఆ రోజు గార్డులు తొందరలో తాళ్లు విప్పకుండా కోసేశారు. ఎనిమిది కొక్కేలకీ ముళ్లు అలాగే ఉన్నాయి.

"సార్, ఇవి మా ముళ్లు కావు!"

"ముడికి మొహం ఉంటుందా అమ్మా?"

"మాకుంటుంది సార్. నాది ఎడమచేతి వాటం. నా ముడి అందరికీ ఎదురు తిరుగుతుంది. వీడికి కట్టడం నేర్పింది నేనే. అందుకే కుడిచేత్తో అన్నం తింటాడు గానీ, తాడు మాత్రం నాలాగే తిప్పుతాడు."

అధికారి తాడు తెప్పించాడు. అక్కాతమ్ముళ్లిద్దర్నీ ఒకరికొకరు కనపడకుండా బండికి చెరోవైపు నిలబెట్టి కట్టమన్నాడు. రెండు ముళ్లూ అచ్చు ఒకేలా వచ్చాయి. పాత ఎనిమిదీ రెండోవైపు తిరిగి ఉన్నాయి. గుమాస్తా ఫోటోలు తీశాడు.

"అంటే మధ్యలో ఎవరో విప్పి మళ్లీ కట్టారు. అప్పుడు బండి తాళంచెవి ఎవరి దగ్గరుంది?" అని అధికారి అడిగాడు.

తమ్ముడు తల దించుకున్నాడు. అబద్ధమాడితే అడ్డుకునేవాళ్లు అక్కడెవరూ లేరు.

"బండిలోనే ఉందండి. రైస్ మిల్లులో ఊక ఎక్కించి పట్టా కట్టాక, గేటు దగ్గర వరసలో ఆగినప్పుడు తాళంచెవి బండికే వదలాలి. వెనక బండ్లకి దారి కావాలంటే వాళ్లే జరుపుకుంటారు. నేను క్షవరానికి వెళ్లి ఆ కుర్చీలోనే నిద్రపోయా. రెండు గంటలు! పట్టా బిగించే ఉంది కదా అని, ముడి చూసుకోకుండా బయల్దేరా."

"మరి మొదట్లోనే ఎందుకు చెప్పలేదయ్యా?"

"అక్క తిడుతుందని."

అధికారి పైకే నవ్వాడు. నవ్వి వదిలెయ్యలేదు. మంగలిని, మిల్లు కాపలాదారుని పిలిపించి అడిగాడు. ఊక ఎక్కించిన మర్నాటి నుంచి ఇద్దరు హమాలీలు పనికి రావడం లేదని కాపలాదారు చెప్పాడు. వాళ్లను వెతికే పని గార్డులకు పడింది. విచారణ జరిగిన ఎనిమిదో రోజున వ్యాను విడుదల కాగితం అక్క చేతికొచ్చింది.

ఖాళీ బస్తాలు ఎక్కించి, పట్టా కప్పి, అక్క ఒకవైపు, తమ్ముడు ఒకవైపు కట్టారు. ఆఖరి ముడి బిగిస్తూ అక్క, "ఒరేయ్, ఇన్నాళ్లూ నిన్ను దొంగనుకున్నానురా. తప్పు నాదే" అంది.

"నేనూ తాళంచెవి సంగతి దాచాగా అక్కా."

వాడు సీటెక్కాడు. ఏదో గుర్తొచ్చి మళ్లీ దిగాడు. తాళంచెవి జేబులో వేసుకుని, ఒక్కో కొక్కెం దగ్గరా ఆగి ఎనిమిది ముళ్లూ తడిమి చూశాడు. మళ్లీ మొదటిదాని దగ్గరకొచ్చాడు.

"చూసిందే ఎన్నిసార్లు చూస్తావురా, చచ్చు వెధవా! ఎక్కు!"

తమ్ముడు కళ్లు తుడుచుకున్నాడు. "అమ్మయ్య, తిట్టావు" అని బండెక్కాడు.