కోడలి బీరువా

తాళంచెవికి మూడో పన్ను అరగదీస్తూ తాళాలాయన మరోసారి వీధి చివరికి చూశాడు. వ్యాను ఇంకా రాలేదు. ఆకురాయితో నాలుగు రాపులు రాకి, పొడి ఊది, పాతదాన్నీ కొత్తదాన్నీ ఆనించి వెలుతురుకు ఎత్తిపట్టాడు. సూదిమొన పట్టేంత తేడా లేదు. అయినా నమ్మకం కుదరక మళ్ళీ చూశాడు.

ఆయన ఎవర్నీ నమ్మే రకం కాదు. తాళంచెవి చేయించుకునే ప్రతివాణ్ణీ "ఏ తలుపుది? ఎవరి తలుపు?" అని రెండుసార్లు అడిగేవాడు. ఆ బుద్ధి ఊరికే రాలేదు. నలభయ్యేళ్ళుగా ఆ పేటలో ఎక్కడ దొంగతనం జరిగినా పోలీసులు ముందు ఆయన బడ్డీకే వచ్చేవాళ్ళు. గుమ్మడికాయ దొంగ ఎవరంటే భుజాలు తడుముకునేవాళ్ళుంటారు. ఈయన తడుముకోకముందే ఊరు వచ్చి తడిమేది. ఏనాడూ ఆయన భుజానికి గుమ్మడి బూడిద అంటలేదు.

నాలుగేళ్ళ కిందట కోడలు పెట్టిన కేసులో రెండు మాటలున్నాయి. మొగుడు కొట్టాడన్నది ఒకటి. మామగారు దొంగతాళంతో తన బీరువా తీసి నగలు కాజేశాడన్నది రెండోది. అప్పట్నుంచి ఆయన్ని ఇంట్లోకి పిలిచి తాళం తీయించుకున్నవాళ్ళు లేరు. బడ్డీలో కూర్చుని చేసే ఈ రాపుడు పనే మిగిలింది.

"నీ చేతిలో పనేగా, బీరువా తీసి చూపించు" అన్నారు అప్పట్లో పోలీసులు.

"నా చెయ్యి పడితే తీసింది నేనే అంటారు. తాళంచెవి ఉన్నామె వచ్చి తియ్యాలి" అన్నాడు. ఆమె రాలేదు. ఈయన బీరువా తాళంమీద కాగితం అంటించి, తను సంతకం పెట్టి, పక్కింటివాళ్ళ చేత కూడా పెట్టించాడు.

ఇప్పుడు విడాకులయ్యాయి, రాజీ కుదిరింది. పొద్దున బీరువా ఉన్నదున్నట్టు అప్పగించాలి. మధ్యాహ్నం కోర్టులో ఆమె "ఈ కేసు నాకొద్దు" అనాలి. అంటే జడ్జి కొట్టేస్తారు, అనకపోతే నడుస్తుంది. ఆ అనడం దగ్గరే తాళాలాయనకు అనుమానం. నగలు తీసుకుని వ్యాను ఎక్కాక, మాట మార్చదని ఏముంది?

వ్యాను వచ్చింది. ముందు వకీలు గుమాస్తా దిగాడు, వెనక కోడలు. మనిషి చిక్కింది. ఆయన వైపు చూడలేదు. బడ్డీ మూసి, తాళం రెండుసార్లు లాగి చూసుకుని, వాళ్ళతో ఇంట్లోకి నడిచాడు.

బీరువా మీది కాగితం చూసి గుమాస్తా నవ్వాడు. "ఓట్ల పెట్టెకు కూడా ఇన్ని సంతకాలుండవు పెద్దాయనా."

"తాళం తీసి, తర్వాత అంటించి ఉండొచ్చుగా" అంది కోడలు.

"అలా అంటారనే పక్కింటివాళ్ళ చేత పెట్టించాను."

"వాళ్ళు మీ పక్కింటివాళ్ళేగా."

ఆమె కాగితం చింపి తాళంచెవి దూర్చింది. తిరగలేదు. తుప్పు పట్టిన తాళం మొండిమనిషిలా బిగుసుకుంది. రెండు చేతులతో ప్రయత్నించి, "మీరు తిప్పండి" అంది.

తాళాలాయన చేతులు వెనక్కి కట్టుకున్నాడు. "నేను తాకను."

"నూనైనా వెయ్యవయ్యా" అన్నాడు గుమాస్తా.

"సీసా అక్కడుంది. నువ్వే వెయ్యి. కొంచెం పైకెత్తి తిప్పమ్మా, వస్తుంది."

వచ్చింది. తలుపు తెరుచుకోగానే సందులోంచి సన్నగా మడిచిన క్యాలెండరు తేదీ కాగితం జారి నేలమీద పడింది. ఆమె లోపల చీరలకింద చెయ్యిపెట్టి, డబ్బా తీసి, మూత తెరిచి చాలాసేపు చూసింది.

"అన్నీ ఉన్నాయి."

"మరి ఇదేంటమ్మా?" గుమాస్తా కాగితం ఎత్తాడు.

"గుర్తు పెట్టుకున్నాను. ఎవరు తలుపు తీసినా పడిపోతుంది."

"మామకు తగ్గ కోడలివే" అని గుమాస్తా పొట్ట పట్టుకుని నవ్వాడు. "ఇంకేం పెద్దాయనా, నీ చెయ్యి పడలేదని నీ కోడలి కాగితమే చెప్పింది."

తాళాలాయన గుండెల మీంచి నాలుగేళ్ళ బరువు దిగింది. అయినా బుద్ధి ఊరుకోదుగా. కాగితం తీసుకుని తేదీ చూశాడు. ఆమె ఇల్లు వదిలి వెళ్ళడానికి మూడు వారాల ముందుది.

"ఈ ఇంట్లో తింటూనే నన్ను అనుమానించావా?"

ఆమె మొదటిసారి ఆయన మొహంలోకి చూసింది.

"దాని ముందురోజు మధ్యాహ్నం మీ అబ్బాయి ఈ గదికి లోపల్నుంచి గడియ వేశాడు. తలుపు అవతల మీ దగ్గు వినపడింది. మామయ్య వచ్చాడు, తీయిస్తాడు అనుకున్నాను. కాసేపాగి మీ చెప్పులు వెనక్కి వెళ్ళాయి. మీరు ఏ తలుపు తీస్తారో, ఏది తీయరో నాకు తెలీకుండా పోయింది. మర్నాడు ఆ కాగితం పెట్టాను."

"లోపలి గడియకు తాళంచెవి ఉండదమ్మా" అన్నాడాయన.

"తట్టడానికి తాళంచెవి ఎందుకు మామయ్యా?"

గుమాస్తా నవ్వు ఆపి కూలీలను పిలిచాడు. బీరువా వ్యాను ఎక్కింది.

కోర్టులో వాళ్ళ వంతు వచ్చేసరికి మూడయింది. కొడుకు నేరుగా అక్కడికే వచ్చి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఎవరైనా బలవంతపెట్టారా అని జడ్జి ఆమెను అడిగారు. లేదంది.

"మామగారి మీద రాసిన మాట?"

"అది తప్పు. ఆయన నా బీరువా తీయలేదు."

"భర్త మీద రాసింది?"

"అది నిజం. కానీ కేసు వద్దు. నా దారిన నేను పోతాను."

జడ్జి రాసుకుని, కేసు కొట్టేశామని చెప్పి ఇంకో కట్ట విప్పారు. నాలుగేళ్ళుగా వినాలనుకున్న మాట విన్నప్పుడు తాళాలాయన తలెత్తలేదు. బయటికి వచ్చేసరికి ఆమె మెట్లు దిగుతోంది. వెనకే రెండు మెట్లు దిగి ఆగిపోయాడు. వ్యాను మలుపు తిరిగింది.

ఇంటికి వచ్చేసరికి ఆయన భార్య బీరువా ఉన్నచోట ఊడుస్తోంది.

"పోయిందా?"

"పోయింది."

"ఎదురింటావిడ గది తలుపు తాళం పడిపోయి రావడం లేదట. మిమ్మల్ని రమ్మంది."

"రేపు వెళ్తాను."

"నాలుగేళ్ళు ఎదురుచూసి రేపంటారేంటి?"

ఆయన గది గడప దాటకుండా, తలుపుకి లోపలివైపున్న గడియను చూస్తూ నిలబడ్డాడు. భార్య చీపురు దుమ్ములోంచి ఏదో తెచ్చి ఆగింది. వంగి తీసింది. కిటికీ గట్టుమీద పెట్టి, ఆయన్ని తప్పించుకుని వంటగదిలోకి వెళ్ళిపోయింది.

రెండు ముక్కలైన నల్లటి జడక్లిప్పు. దాని స్ప్రింగులో పొడవాటి వెంట్రుక ఒకటి ఇంకా చుట్టుకునే ఉంది.