బతికున్నాయన ఫోటోకి దండ

పేరమ్మ చేసింది మంచిపనే. కాకపోతే మనిషి బతికుండగా చేసింది, అక్కడే వచ్చింది చిక్కంతా.

పంతొమ్మిదివందల ఎనభైల నాటి మాట. గల్ఫ్‌లోని ఖోర్ ఫక్కాన్ పోర్టు ఇంజనీరు భార్య జర్మనీ మేడమ్. ఆవిడ ఇంట్లో పేరమ్మ పనికి కుదిరి మూడు నెలలు. వంటా, ఇల్లూ, మేడమ్ తండ్రి ముసలి దొరా అన్నీ ఆమె చేతిమీదే. దొర కిటికీ దగ్గర కూర్చుని సముద్రం చూస్తాడు, ఉలకడు పలకడు. అప్పుడప్పుడు ట్రంకుపెట్టెలోంచి ఒక ఫోటో తీసి, తడిమి, మళ్లీ దాచేస్తాడు. నల్లకోటు, కళ్లనిండా కాటుక, పాతికేళ్ల మనిషి. చేతికందిన కొడుకు పోయాడు కాబోలు, పాపం, దీపం పెట్టే దిక్కయినా లేదనుకుంది పేరమ్మ. ఓ ఉదయం మేడమ్ బజారుకెళ్లగానే, దొర కునుకు తీస్తుండగా, ఫోటో గోడకి తగిలించి, బొట్టుపెట్టి, వాకిట్లో గన్నేరుపూలు కోసి దండ గుచ్చి వేసి, అగరొత్తి వెలిగించింది.

తిరిగొచ్చిన మేడమ్ గుమ్మంలోనే నిలబడిపోయింది. వెనక సామాన్లు మోసుకొచ్చిన డ్రైవరు బుడేన్ సాహెబ్‌ది కడప. దండెందుకని మేడమ్ అడిగితే, పోయినవాళ్లకి వేస్తారని ఉన్నదున్నట్టు చెప్పేశాడు. కాసేపు నోరు మూసుకుంటే ఆయన సొమ్మేం పోయిందో! మేడమ్ మొహం పాలిపోయింది, గొంతు పెరిగింది.

సాహెబ్ పేరమ్మ వైపు తిరిగాడు. "ఎంత పని చేస్తివమ్మా! ఆ ఫోటోలో ఉండేది ఈ పెద్దాయనే. మాటల్లేని సినిమాల కాలంలో యాక్టరంట."

పేరమ్మ లెంపలేసుకుంది. బతికున్న మనిషికి దండేసింది! ఇంక ఖలాస్, రేపే విమానం ఎక్కించేస్తారు. మూడు నెలలకే తిరిగెళ్తే నరసాపురంలో ఏ మొహం పెట్టుకుని తిరగాలి? గబగబా దండ తీయబోయింది.

ఈ గోలకి లేచిన దొర చెయ్యెత్తి వద్దన్నాడు. ఫోటోనీ, దండనీ మార్చి మార్చి చూసి, భుజాలు కదిలిపోయేలా నవ్వాడు. తర్వాత ఆయన భాషలో చాలాసేపు మాట్లాడాడు. అది సాహెబ్‌కి ఇంగ్లీషులో చెబుతూ మేడమ్ కళ్లు తుడుచుకుంది.

"పద్నాలుగు సినిమాల్లో చచ్చినాడంట," అన్నాడు సాహెబ్. "అన్నీ చిన్న ఏషాలే, తెరమీద పేరు గూడా ఎయ్యలేదంట. మాటలొచ్చినాక ఎవురూ పిలవలేదంట. ఇన్నిసార్లు చచ్చినా పువ్వు పెట్టింది నువ్వొక్కదానివేనంట."

హమ్మయ్య! పేరమ్మకి పోయిన ప్రాణం లేచొచ్చింది. "పోయారనుకుంటే ఆయుష్షు పెరుగుద్దండి సాయిబుగారూ, నూరేళ్లుంటారని చెప్పండి," అంది కొంగుతో మొహం తుడుచుకుంటూ.

ఆ మాట సాహెబ్ మేడమ్‌కీ, మేడమ్ తండ్రికీ చెప్పగానే దొర దండ వైపు చూపించి, తన మెడలో వెయ్యమన్నట్టు తల వంచాడు. పేరమ్మ ససేమిరా అంది. అది పోయినవాళ్లకి వేసిన దండ, బతికున్నాయనకి ఎలా వేస్తుంది? కొత్తది గుచ్చుతానని వాకిట్లోకి పరిగెత్తింది. పూలున్న కొమ్మ ఆమెకి అందలేదు. మేడమే వచ్చి వంచి పట్టుకుంది.