టీజ్ అంటే ఏకడం

పత్తి మీద చేప దవడ కదిలితే సన్నటి చప్పుడు వస్తుంది — సర్... సర్...

పొందూరులో మా వసారాలో ఉదయమంతా అదే చప్పుడు. ఎండబెట్టిన వాలుగ చేప దవడ. దాని సన్నటి పళ్ళతో మా చెల్లి ఈశ్వరి పత్తిని ఏకేది. పోగుల్ని ఒక్కొక్కటే విడదీసేది. చెత్త రాలేది. పోగు తెగేది కాదు.

నేను ఇంగ్లీషు చదువుకున్నాను.

ఓసారి కాలేజీ స్నేహితులు ఇంటికొచ్చారు. నా నోటికి అద్దూ అదుపూ ఎప్పుడూ లేవు.

“మా ఈశ్వరి తల కూడా ఆ చేప పళ్ళతోనే దువ్వుకుంటాది. వాసన చూడండి” అన్నాను.

అందరూ నవ్వారు.

ఈశ్వరి కూడా నవ్వింది.

మర్నాడు వసారాలో కూర్చోలేదు. ఆ మర్నాడూ కూర్చోలేదు. నెల తిరక్కుండా పలాసలో జీడిపిక్కలు కొట్టే పనికి వెళ్ళిపోయింది. అమ్మ అడిగితే “దవడ కంపు కొడతన్నాదమ్మా” అందట.

కాలు జారితే తీసుకోవచ్చు, నోరు జారితే తీసుకోలేం — ఈ సామెత ఇప్పుడు టీచర్నై నేను క్లాసులో చెబుతుంటాను కూడా.

పదహారేళ్ళు గడిచాయి...

మొన్న పాఠంలో టీజ్ అనే మాట వచ్చింది. ఏడిపించడం, ఆటపట్టించడం అని చెప్పేశాను. “ఆ మాట ఎక్కణ్ణుంచి వచ్చింది మేడమ్?” అంది ఓ అమ్మాయి. తెలీదు. పెద్ద నిఘంటువు తీశాను.

వెయ్యేళ్ళ కిందటి ఇంగ్లీషులో దానికి ఏడిపించడం అనే అర్థమే లేదు. పోగుల్ని విడదీయడం. ఏకడం. అంతే. మనిషిని ఏడిపించడం ఎన్నో వందల ఏళ్ళ తర్వాత వచ్చి చేరింది.

మా వసారాలో ఆ రోజు పాత పని చెల్లి చేసింది. కొత్త పని నేను చేశాను.

సిగ్గేసింది. ఏడ్చాను. ఆదివారం గుప్పెడు పత్తి, అమ్మ దాచిన దవడ పట్టుకుని పలాస బస్సెక్కాను. నన్ను తిట్టయినా సరే, మళ్ళీ ఏకుతుందని ఆశ.

“ఏటప్పా, ఇంత దూరం వచ్చినావు?” అంది ఈశ్వరి. మావైపు అక్కని అప్ప అంటారు.

తప్పు నాదేనని చెప్పాను. అంతా చెప్పాను.

“ఎప్పటి మాటో... ఒగ్గేయప్పా” అంది.

పత్తి ఒళ్ళో పెట్టుకుంది. జీడిపిక్కల నూనెకి కాలి కాలి, నల్లబడి, మందమెక్కిన వేళ్ళు. ఒక్క పోగు తీసి వేళ్ళ మధ్య నలిపింది. మళ్ళీ నలిపింది. కళ్ళు మూసుకుని నలిపింది.

“అప్పా... పోగు వేళ్ళల్లో ఉన్నాదా? నాకు తెల్డం నేదు.”

చూశాను. అది ఎప్పుడో జారి చీర మీద పడింది.

“ఉన్నాదే” అన్నాను.