నాపరాళ్ల గనిలో విన్న కథ

నేను ఒక టేప్ రికార్డర్‌ని. ఏదో కర్మాగారంలో ఆడపిల్లలు నా తీగలు అతికించి, పెట్టెలో సర్ది పంపారు. మొదట కర్నూలులో ఒక సంగీతం మేష్టారి ఇంట్లో ఉన్నాను. ఆయన తన పాట తానే రికార్డు చేసుకుని, తానే విని, తానే "భేష్" అనుకునేవారు. ఆయన పోయాక పాత సామాన్ల దుకాణానికి చేరితే, మద్దిలేటి నన్ను కొనుక్కున్నాడు.

మద్దిలేటి సినిమా రచయిత. పదేళ్లుగా హైదరాబాదులో ఇతరుల సినిమాలకు మాటలు రాస్తున్నా, తెర మీద అతని పేరు ఎన్నడూ పడలేదు. సొంత కథ కోసం నన్ను భుజాన వేసుకుని తన ఊరు బేతంచెర్లకు వచ్చాడు. ఎటు చూసినా నాపరాళ్ల గనులు, తెల్లటి దుమ్ము. అక్కడ రాళ్లు కొట్టే ఓబులమ్మ ముందు నన్ను పెట్టి మీట నొక్కాడు.

గనిలో బండ జారి మొగుడు పోతే, అతని సుత్తి తాను పట్టి కూతుర్ని సాకిన మనిషి ఆమె. అంతా కన్నీటి చుక్క లేకుండా చెప్పింది. కళ్లు తుడుచుకున్నది మద్దిలేటే.

హైదరాబాదులో ఒక నిర్మాత ఆ కథ విని మెచ్చుకున్నాడు. "సీమ కథ కదా, రెండు ముఠాలు పెట్టు. నాలుగు బాంబులు పడాలి. నీ పేరు పెద్దక్షరాల్లో వేయిస్తా."

మద్దిలేటి నన్ను బల్ల మీద పెట్టి, బాంబుల గురించి తాను అడిగినప్పుడు ఓబులమ్మ చెప్పిన జవాబు వినిపించాడు.

"గనిలో రాయి పగిలే సప్పుడే మేము ఇన్నది నాయనా. మనుసుల మింద ఎయ్యడం సినిమాలోనే సూసినాము."

నిర్మాత నవ్వాడు గానీ మనసు మార్చుకోలేదు. మద్దిలేటి నన్ను సంచిలో వేసుకుని మెట్లు దిగాడు.

ఆరేళ్ల తర్వాత ఒక కొత్త దర్శకురాలు ఆ కథను ఆ గనుల్లోనే తీసింది. బేతంచెర్లలో ఆట వేసిన రోజున, మోటారు ఆగిపోయిన నన్ను కూడా మద్దిలేటి వెంట తెచ్చాడు. తెర మీద పేర్లు పడుతుంటే ఓబులమ్మకు కూతురు చదివి వినిపించింది: "మాటలు: ఓబులమ్మ, మద్దిలేటి."

"నాకు సంతకమే రాదే నాయనా!"

"చెప్పింది నువ్వే గదా పెద్దమ్మా. నేను రాసుకున్న్యా, అంతే."

ఆమె కొంగుతో ముఖం తుడుచుకుంది. "మా ఆయప్ప పేరు గూడా ఏసింటే బాగుండు."

మద్దిలేటి గతుక్కుమన్నాడు. "ఆయన పేరేంది పెద్దమ్మా?"

మొగుడి పేరు నోట పలకలేక ఆమె కూతురి వైపు చూసింది. "సుంకన్న" అంది కూతురు.

ఇప్పుడు మద్దిలేటి అలమారలో ఉంటున్నాను. నా పక్కనే ఆరు క్యాసెట్ల నిండా ఓబులమ్మ కథ ఉంది. ఆ పేరు మాత్రం ఒక్కదానిలోనూ లేదు. అంత శ్రద్ధగా విన్నామే, ఆ ఒక్కటీ అడగలేదు.